గరిటె ఎవరి చేతిలో

వంటింటి గురించి మనం రాయని మాట లేదు. విమల ‘వంటిల్లు’ కవిత చదివి ఆ గదినే కూలగొట్టాలనుకున్న తరం మాది. ఇరవై ఎనిమిదేళ్ళు కాలేజీలో పాఠాలు చెప్పి, ఇంటికొచ్చి కుక్కరు పెట్టినదాన్ని. ఆ కోపం ఇప్పటికీ న్యాయమే అనిపిస్తుంది. అయితే వంటింట్లోంచి బయటపడటమంటే ఏమిటి, ఎవరు ఎవర్ని బయటపడేస్తారు అన్న ప్రశ్న 2023లో నాకు కొత్తగా ఎదురైంది. మాంసం కూరి ఆవిరి మీద ఉడికించే చైనా బన్నులు, వాళ్ళు బావొజీలంటారు, అవి చెయ్యడం నేర్చుకుంటున్న రోజులవి.

మా అమ్మాయి పురుడికని కెనడా వెళ్ళి, టొరంటో పక్కన మార్కమ్‌లో ఆరునెలలున్నాను. ఆ ఊళ్ళో చైనా కుటుంబాలు చాలా ఎక్కువ. పక్కింటావిడ కూడా నాలాగే కూతురి పిల్లల్ని చూసుకోవడానికి వచ్చింది, హెనాన్ నుంచి. డెబ్బై రెండేళ్ళు. ఆమెకి ఇంగ్లీషు రాదు, నాకు చైనీస్ రాదు. కూతురు ఇంట్లో ఉంటే మాటలు, లేకపోతే పిండి. (ఖండాలు దాటివచ్చే ఈ అమ్మమ్మల చాకిరీ ఏ దేశం జమాఖర్చుల్లోకి వస్తుందో ఎవరైనా విడిగా రాయాలి.)

అరకిలో మైదాలో చెంచాడు ఈస్టు, కాస్త పంచదార వేసి, గోరువెచ్చటి నీళ్ళతో పూరీపిండికన్నా మెత్తగా కలిపి, రెట్టింపు పొంగేదాకా మూతపెట్టాలి. కైమాలో మూడోవంతు కొవ్వుండాలని ఆవిడ పట్టు. అల్లం, ఉల్లికాడలు, సోయాసాస్, నువ్వులనూనె వేసి, నీళ్ళు చెంచాడు చెంచాడుగా పోస్తూ ఒకే వైపుకి తిప్పాలి. అటూ ఇటూ తిప్పితే నా చెయ్యి పట్టుకుని ఆపేసేది. అలా తిప్పితేనే కైమా నీటిని పట్టుకుంటుంది, ఉడికాక లోపల రసం నిలుస్తుంది. ఉండల్ని అంచులు పలచగా, నడుమ మందంగా వత్తాలి. కజ్జికాయల అంచు అల్లడం వచ్చిన చేతికి ఆ మడతలు మరీ కొత్తేం కాదు, కాకపోతే ఇవి గుండ్రంగా తిరిగి నెత్తిన ముడిపడతాయి. మళ్ళీ పావుగంట పొంగనిచ్చి, మరో పావుగంట ఆవిరి. పొయ్యి కట్టెయ్యగానే మూత తీస్తే అణిగిపోతాయి. పిల్లలు చుట్టూ చేరి గోల చేస్తుంటే ఆ మూడు నిమిషాలు ఆగడమే కష్టం.

ఆ కైమా పందిమాంసం. మా ఊళ్ళో పందులు పెంచేవాళ్ళ ఇళ్ళు ఊరి చివర ఉండేవి. ఆ మాంసం తింటారని కులం పేరెత్తి చీదరించుకునేవాళ్ళు. అదే మాంసం హైదరాబాదులో ఖరీదైన హోటలువాడు వెదురుబుట్టలో పెట్టి ‘బావ్’ అని తెస్తే ఇప్పుడు ముచ్చటపడి తింటున్నారు. అంటు దేనికి అంటగట్టామో దీన్నిబట్టే తెలుస్తోంది.

ఒక మధ్యాహ్నం మడతలు వేస్తూ, ఇవి చిన్నప్పుడే మీ అమ్మ నేర్పిందా అని అడిగించాను. లేదట. తనకి ఏడేళ్ళప్పుడు ఇంట్లో పొయ్యే లేదట. అది 1958, ‘గ్రేట్ లీప్’ ఏడు. పల్లెలు కమ్యూన్లయ్యాయి. ఇళ్ళలోని ఇనప బాణళ్ళు ఉక్కు కొలుముల్లోకి పోయాయి. అందరికీ ఉమ్మడి భోజనశాలలు. ఆడవాళ్ళని పొయ్యి చాకిరీ నుంచి విడిపిస్తున్నామని కూడా చెప్పారు. ఆ మాటకి పెద్ద వంశమే ఉంది. ఇంటిపని స్త్రీని నలిపేస్తుందనీ, ఉమ్మడి భోజనశాలలూ శిశుసదనాలూ దారి చూపిస్తాయనీ లెనిన్ 1919లోనే రాశాడు. మనలో చాలామంది ఆ వాక్యాల కింద గీతలు గీసుకుని చదువుకున్నాం.

మొదట్లో కడుపునిండా పెట్టారట. పొగలేని ఇంట్లో వాళ్ళమ్మ సాయంత్రంపూట ఊరికే కూచోవడం ఆవిడకి గుర్తుంది. తర్వాత గంజి పలచబడింది. పొలంలో మగవాడి రోజుకి పది పాయింట్లు వేస్తే ఆడదానికి సాధారణంగా ఆరో, ఏడో, ఎనిమిదో. చాలాచోట్ల తిండి ఆపెయ్యడమే శిక్ష అయింది. వడ్డించేవాడు మనవాడైతే కడపంక్తిన కూచున్నా ఫరవాలేదని మనం నవ్వుతూ అనుకుంటాం. గరిటె పైనుంచి ముంచుతారా, అడుగునుంచి ముంచుతారా అన్నదాని మీద ప్రాణం నిలబడినచోట అది నవ్వే సామెత కాదు. 1959-61 కరువులో కోట్లాదిమంది చనిపోయారు. హెనాన్ బాగా దెబ్బతిన్న రాష్ట్రాల్లో ఒకటి. 1961లో భోజనశాలలు ఎత్తేశారు. మళ్ళీ పొయ్యి వెలిగించిన రోజు వాళ్ళమ్మ ఏం వండిందని అడిగాను. చిలగడదుంప ఆకులట. మాంసం బన్నులు చాలా ఏళ్ళ తర్వాత, కొత్త సంవత్సరానికి.

దీన్ని పట్టుకుని, చూశారా, ఆడదానికి వంటిల్లే శ్రీరామరక్ష అనేవాళ్ళుంటారు. అంత తేలిగ్గా ఒప్పుకోను. అబద్ధపు దిగుబడి లెక్కలూ, వాటి ఆధారంగా బలవంతంగా ఎత్తుకుపోయిన ధాన్యమూ కరువు తెచ్చాయి. పదిమంది కలిసి వండుకుతింటే కరువు రాదు. నన్ను వేధించేది వేరే సంగతి: వాళ్ళమ్మని పొయ్యి నుంచి విడిపించే ముందు వాళ్ళమ్మని ఎవరూ అడగలేదు. పొయ్యి దగ్గర కట్టేసినప్పుడూ అడగలేదు కదా! మన ఇళ్ళలో గరిటె ఆడవాళ్ళ చేతుల్లోనే ఉంది. ఏం వండాలో, మంచి ముక్క ఎవరికో మాత్రం ముందే నిర్ణయమైపోయి ఉంటుంది. ఆ చాకిరీకి ప్రేమ అని పేరుపెట్టి జీతం ఎగ్గొట్టారని సిల్వియా ఫెడెరిచి 1975లో వాదించింది. జీతమిస్తే గరిటె మీద మాట కూడా వస్తుందా? నాకు నమ్మకం లేదు.

బువే యాంగ్ చావ్ అనే డాక్టరు 1945లో అమెరికాలో చైనా వంటల పుస్తకం వేసింది. వైద్యం చెయ్యవలసినదాన్ని ఇలా వంట గురించి రాస్తున్నందుకు సిగ్గుగా ఉందని అందులో వేళాకోళంగా చెప్పుకుంది. తను చైనీస్‌లో చెబితే కూతురు ఇంగ్లీషులో పెట్టిందట, భాషాశాస్త్రవేత్త అయిన భర్త దాంట్లో మళ్ళీ వేలుపెట్టాడట. ఇంతమంది చేతులు పడ్డా, పుస్తకం మీద పేరు ఆమెదే. ఆ వేళాకోళంలో ఎంత పాలు నిజమో నేను తేల్చుకోలేకపోయాను.

మా మధ్యా ఒక కూతురే అనువాదకురాలు. ఇక్కడికొచ్చి వీళ్ళందరికీ వండటం మీకిష్టమేనా అని పెద్దావిడని అడగమన్నాను. ఆ అమ్మాయి కాస్త తటపటాయించి అడిగింది. పెద్దావిడ చేతులు ఆపకుండానే చాలాసేపు ఏదో చెప్పింది. కూతురు విని, “అవునంటోంది ఆంటీ” అంది. అంత జవాబుకీ అదొక్క ముక్క. చంటిపిల్లని భుజాన వేసుకుని మా అమ్మాయి కూడా అక్కడే నిలబడి ఉంది. నాకేసి చూసి, ఏదో అడగబోయి ఊరుకుంది. ఆవిడ అప్పటికే రెండో వాయి బుట్టలో సర్దుతోంది.