వెనుదిరగడం పిరికితనమా?

అలాస్కాలో ఇడిటరోడ్ అనే పందెం ఉంది. ఆంకరేజ్ నుండి నోమ్ వరకు సుమారు 1,600 కిలోమీటర్లు మంచుమీద కుక్కలు లాగే బండిలో ప్రయాణం. సూసన్ బుచర్ దానిని 1986, 1987, 1988, 1990లలో గెలిచింది. 1991లోనూ ముందున్నది ఆమే. గమ్యం దగ్గరపడిన వేళ మంచు తుఫాను చెలరేగగా, ఆమె కుక్కలను వెనక్కి మళ్లించింది. రిక్ స్వెన్సన్ ఆగక సాగి గెలిచాడు. ఆమెకు మూడవ స్థానం.

ఎవరిది ధైర్యం? స్వెన్సన్‌ది తెగువే, కాదనను. కాని వివేకం లేని తెగువను పునీత తోమాసు అక్వినాసు వారు సుగుణంగా లెక్కించలేదు. పైగా బండి లాగే మూగజీవాలకు బహుమతి సంగతి తెలియదు, "ఇక చాలు" అనే నోరూ లేదు. 1985లో మూస్ అనే పెద్ద దుప్పి దాడిలో రెండు కుక్కలను పోగొట్టుకుని పందెం విరమించుకున్న మనిషి ఆమె.

స్వెన్సన్ క్షేమంగా చేరాడు కదా, అతడిదే వివేకం అంటారు కొందరు. ఫలితం తెలిశాక అనే మాట అది. ఆ గాలిలో నిలబడిన ఆమె ముందు ఫలితం లేదు.