గ్రంథము నశించినచో సత్యము నశించునా?

సత్యము గ్రంథమునందే యున్నదా, లేక గ్రంథము సత్యమును జూపు దీపము మాత్రమేనా యనునది మతవిషయమును విచారించువారందఱును ముందుగాఁ దేల్చుకొనవలసిన ప్రశ్నము. సత్యము గ్రంథమునందే యున్నచో గ్రంథముతోఁ గూడ నదియు నశింపవలెను. ఈ విచారమునకు మన దేశమున నిజముగా నశించిన యొక మహాగ్రంథమును మేము దృష్టాంతముగాఁ గైకొనుచున్నాము.

ఆ గ్రంథము వ్యాడి రచించిన సంగ్రహము. అది లక్షశ్లోకముల పరిమాణము గలదని ప్రతీతి. శబ్దము నిత్యమా, పలుకువాని ప్రయత్నముచేఁ బుట్టునదా యను విషయము దానియందుఁ బ్రధానముగాఁ బరీక్షింపఁబడినదని క్రీస్తునకుఁ బూర్వము 2వ శతాబ్ది ప్రాంతమువాఁడగు పతంజలి మహాభాష్యమునఁ జెప్పియున్నాఁడు. నేఁడు మనకుఁ జిక్కినవి యితరు లుదాహరించిన కొలఁది వాక్యములు మాత్రమే. ఆ విచారమునే క్రీస్తుశకము 5వ శతాబ్ది ప్రాంతమున భర్తృహరి మఱింత దూరము గొనిపోయి, ఆద్యంతములు లేని బ్రహ్మము శబ్దతత్త్వమే యనియు, జగత్తంతయు దానినుండియే వెలువడుచున్నదనియు వాక్యపదీయమున సిద్ధాంతము చేసెను.

ఇంతటి గ్రంథమేల నశించెను? శత్రువులు దానిని దగ్ధము చేసిరని భర్తృహరి చెప్పలేదు. సంక్షేపమునందు మక్కువయు, స్వల్పవిద్యయుఁ గల వైయాకరణుల చేతఁ బడి యది యస్తమించెనని వాక్యపదీయ ద్వితీయకాండము చివర వ్రాసెను. మహాభాష్యమునకును అట్టి దుర్దశయే పట్టినదనియు, అధ్యయన సంప్రదాయము తెగి యది దాక్షిణాత్యులయొద్ద గ్రంథమాత్రముగా నిలిచెననియు, పిమ్మటఁ జంద్రాచార్యాదులు పర్వతమునుండి యాగమమును సంపాదించి దానిని మరల వ్యాపింపఁజేసిరనియు నతఁడే చెప్పెను. ఆ పర్వతము త్రిలింగదేశమునందలిదని వ్యాఖ్యాత వివరించెను. ఇది తెలుఁగువారమగు మనకు గర్వకారణమే. అయినను ఇందు గర్వము కంటె హెచ్చరికయే యెక్కువ. ఆకులు నిలుచుట వేఱు, అర్థము జీవించుట వేఱు. బోధించువాఁడును నేర్చువాఁడును లేనిచోఁ దాళపత్రముల కట్ట పుస్తకమే గాని విద్య కాదు.

గ్రంథము పోయినదని విచారించుట తప్పు కాదు. పోయిన గ్రంథమును దురాచారమునకు సాక్షిగాఁ దెచ్చుట తప్పు. మన బ్రాహ్మణులలో ననేకులకు స్వసూత్రమైన ఆపస్తంబధర్మసూత్రము, విధులన్నియు బ్రాహ్మణములయందుఁ జెప్పఁబడినవే యనియు, నశించిన పాఠములను ఆచారమునుబట్టి యూహింపవలెననియుఁ జెప్పుచున్నది. ఈ న్యాయమును బట్టుకొని, ఆచారమున్నది గనుక శ్రుతి యుండితీరవలెను, కనఁబడదేని నశించియుండవలెను అని వాదించువారు గలరు. కాని యా సూత్రకారుఁడే, ఎచట మనుష్యుఁడు సుఖాపేక్షచేఁ బ్రవర్తించునో యచట శాస్త్రము లేదని వెంటనే చెప్పియున్నాఁడు. ఈ రెండవ మాటను మన వారు మఱచిరి.

దస్తావేజు పోయినదని చెప్పు కక్షిదారుఁడు అది యుండెననియు, పోయెననియు, అందేమి వ్రాయఁబడెనో యదియు ద్వితీయసాక్ష్యముచే ఋజువు చేయవలెను. 1872 సంవత్సరపు సాక్ష్యచట్టమునందును, దాని స్థానమున 2024 జూలై 1వ తేదీన అమలునకు వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమమునందును న్యాయమిదియే. చిరకాలానుభవమును బట్టి నష్టపత్రము నూహించు సందర్భములును గలవు. కాని సాటి మనుష్యుని పీడించుట కనుమతించు పత్రము నే న్యాయాధిపతియు నూహింపఁడు. భూమి విషయమున మనము కోరునంత సాక్ష్యమును మనుష్యుని గౌరవము విషయమునఁ గోరకుండుట యెట్టి న్యాయము?

శబ్దము నిత్యమని మీమాంసకులును, అనిత్యమని నైయాయికులును వాదించిరి. ఆ వివాదమును దీర్చుట మా యుద్దేశము కాదు. కాని శబ్దమునకు సర్వసమ్మతమైన గుణ మొకటి కలదు. పలికిన మాట సమీపమున నున్న చెవులన్నిటిని సమముగాఁ జేరును. ఇది యెవరి చెవి యని యడుగదు. పసిబిడ్డ తల్లి నోటినుండి మాట నేర్చునపుడు కులము నేర్వదు. కులము పిమ్మట నేర్పఁబడును. అట్టి శబ్దమే విశ్వమూలమని చెప్పిన దేశమున, వేదమును విన్న శూద్రుని చెవులను సీసముతోను లక్కతోను నింపవలెనని గౌతమధర్మసూత్రము విధించెను. సర్వము నొక్కటే యని బోధించిన శంకరాచార్యులును బ్రహ్మసూత్రభాష్యమున నీ వాక్యమును బ్రమాణముగాఁ జూపిరి. ఏకత్వము నోటను, సీసము చేతను!

కొందఱే కాపాడుటచేతనే కదా వేదము స్వరము తప్పక నిలిచినదని పెద్దలాక్షేపింతురు. వల్లించినవారి శ్రమ నిజముగా స్తుత్యమైనది. కాని పతంజలి ఋగ్వేదమునకు 21, యజుర్వేదమునకు 101, సామవేదమునకు 1000, అథర్వవేదమునకు 9 శాఖలను జెప్పియున్నాఁడు. వెరసి 1131. నేఁడు పఠనమందున్నవి వ్రేళ్లమీఁద లెక్కింపఁదగినవి. అధికారులను దగ్గించినకొలఁది కాపరులును దగ్గిరి. ద్వారము మూసినవాఁడు దొంగనేగాక వారసునిఁగూడ వెలుపల నుంచినాఁడు.

ఈ దోషము పరులది మాత్రమే యని మనము సంతోషింపరాదు. 1828 ఆగష్టు 20వ తేదీన రాజా రామమోహనరాయలవారు కలకత్తాయందు స్థాపించిన బ్రహ్మసమాజముననే తొలి దినములలో వేదపఠనము పక్కగదిలో జరిగెడిది. బ్రాహ్మణేతరులకు అందుఁ బ్రవేశము లేదు. అచటఁ జదివినవారు మన తెలుఁగు బ్రాహ్మణులే. 1830 జనవరి 8వ తేదీనాఁటి ధర్మకర్తృత్వపత్రము మందిరమును భేదములేక సర్వజనులకు విప్పియుండఁగా, పక్కగది మూసియే యుండెను! దేవేంద్రనాథ ఠాకూరుగారు దీనిని జూచి ఖేదపడి యా మఱుఁగును దొలఁగించిరి. పిమ్మట వారు నలువురు విద్యార్థులను వేదాధ్యయనమునకుఁ గాశికిఁ బంపి, విచారించి, 1850 ప్రాంతమున ఏ గ్రంథమును దోషరహిత ప్రమాణము కాదను నిశ్చయమునకు వచ్చిరి. అందుచే సమాజము ఉపనిషత్తులను గోలుపోలేదు. వానిని బరీక్షించి ప్రేమించు స్వాతంత్ర్యమును బొందినది.

కావున మా యుత్తరమిది. సంగ్రహము నశించినది, అందలి సత్యము నశింపలేదు. విచారించు బుద్ధియు, వినుటకు విడిచిన చెవియు నున్నంతకాల మది మరల దొరకును. అవి లేనిచో లక్షశ్లోకములును మన యెదుట నున్నను నశించినట్లే. 1950 జనవరి 26వ తేదీన అమలునకు వచ్చిన రాజ్యాంగము 17వ అధికరణముచే అస్పృశ్యతను రద్దుచేసినది. కాని యింటిపనివారికి వేఱుగా నుంచిన లోటాను ఏ చట్టము వచ్చి తీసివేయఁగలదు? సోదరులారా! సభలో ఏకత్వమును బ్రసంగించి యింటికిఁ బోయినపుడు మన పక్కగది తలుపు తెఱచియున్నదో మూసియున్నదో యొక్కసారి చూచుకొందము. పోయిన గ్రంథమును వెదకుటకంటె మూసిన తలుపును దెఱచుట సులభము, చేయవలసినదియు ముందదియే.