పోయినది ఆటేనా?



గడచిన వేసవి సెలవులలో మాకు ఎదురైన ఒక సంగతిని మీ ముందు పెట్టి, దానిలోనుండి పుట్టిన ప్రశ్నను మీతో కలిసి ఆలోచించాలని ఈ నాలుగు మాటలు వ్రాస్తున్నాము. సంగతి చిన్నదే. ప్రశ్న మాత్రము చాలా దినములు మమ్ములను విడిచిపెట్టలేదు.

కనిగిరి వైపునుండి బెంగుళూరు వచ్చి, కె.ఆర్. పురం దగ్గర ఒక గది అద్దెకు తీసుకొని బ్రతుకుతున్న కుటుంబము ఒకటి మాకు తెలుసు. తండ్రి కొత్త ఇండ్లలో టైల్సు పరిచే పనివాడు. తల్లి రెండిండ్లలో పని చేస్తుంది. కుమారునికి పదమూడేండ్లు. ఇంటికంతా ఒకే ఫోను. రాత్రి తండ్రి పనినుండి వచ్చి స్నానము చేసి అన్నము తినే వేళ ఆ ఫోను పిల్లవాని చేతికి వచ్చేది. అరగంట, మహా అయితే ముప్పావు గంట. కోట కట్టి సైన్యమును పెంచుకొనే ఆట ఒకటి అందులో ఆడేవాడు. రూపాయి ఖర్చు పెట్టకుండా రెండు సంవత్సరములు ఆడి, తన తోటివారెవరూ చేరని మెట్టుకు చేరుకొన్నాడు.

ఏప్రిల్ నెలలో ఆ ఫోను పని జరుగుతున్న మేడమీదనుండి జారిపడి అద్దము పగిలింది. తండ్రి దానిని ఎస్.పి. రోడ్డులో ఒక దుకాణములో ఇచ్చి, పైన కొంత డబ్బు కట్టి, ఒకరు వాడి అమ్మిన వేరొక ఫోను తెచ్చుకొన్నాడు. దుకాణమువాడు పాత ఫోనులో ఉన్నదంతా తుడిచివేశాడు. అది ఆ వ్యాపారములో పద్ధతే. తప్పు పట్టడానికి లేదు. ఇంటికి వచ్చి ఈ ఫోనులో ఆట తెరిస్తే ఒక గుడిసె, ఇద్దరు సైనికులు కనబడ్డారు. మళ్ళీ మొదటి మెట్టు.

పిల్లవాడు రెండు రోజులు సరిగా అన్నము తినలేదట. తల్లి వాణ్ణి మా యింటికి తీసుకొని వచ్చి, "మీరన్నా బుద్ధి చెప్పండి మాస్టారూ" అన్నది. ఇన్నేండ్లు బడిలో చేసిన పనే గనుక వెంటనే చెప్పాము. "ఆటే కదరా పోయింది, ఆస్తి పోలేదు కదా. వెళ్ళి పుస్తకము పట్టుకో" అన్నాము. వాడు తల ఎత్తకుండానే, "మీరు బళ్ళో రాసిన రిజిస్టర్లన్నీ కాలిపోయి, పోతే పోయినాయిలే అని ఎవరన్నా అంటే మీరు ఊరుకుంటారా మాస్టారూ?" అని అడిగాడు.

తల్లి వాణ్ణి గద్దించింది. మేము మాత్రము జవాబు చెప్పలేకపోయాము. చేతితో పట్టుకోలేనిది, సంతలో అమ్ముకోలేనిది పోతే అది నిజమైన నష్టమేనా? ఇదే మా ప్రశ్న.

మా చిన్నతనములో రెండు రకముల ఆటలుండేవి. అరుగుమీద సుద్దముక్కతో గడులు గీసి అష్టాచెమ్మా ఆడేవాళ్ళము. ఆట ముగిసి గడులు చెరిపివేస్తే దానితో సరి. మరునాడు అందరమూ మొదటినుండే. గోలీలాట అలా కాదు. గెలిచిన గోలీలు లాగు జేబులో ఉండేవి, ఊరు మారినా జేబుతోపాటే వచ్చేవి. నేటి ఫోను ఆట ఈ రెంటికీ భిన్నము. గెలిచినది జేబులో ఉన్నట్టే కనబడుతుంది గాని, ఆ జేబు మనది కాదు.

ఈ పిల్లవానికొరకు మేము తెలుసుకొన్నది క్లుప్తముగా చెబుతాము. ఆటలో సాధించినది సాధారణముగా మూడు చోట్లలో ఒకచోట ఉంటుంది. పేరు చెప్పకుండా అతిథిగా ఆడితే చాలా ఆటలలో అది ఆ ఫోనుతోనే ముడిపడి ఉంటుంది. ఫోను తుడిస్తే దానిని మళ్ళీ తెచ్చుకొనే దారి దాదాపు మూసుకొనిపోతుంది. కొన్ని ఆటలు గూగుల్ ప్లే గేమ్స్‌లోనో, ఆపిల్ వారి ఐక్లౌడ్‌లోనో నకలు దాచుకొంటాయి. ఆండ్రాయిడ్ ఫోను వదలి ఐఫోను పట్టుకొన్నవానికి ఆ నకలు వెంట రాదు. ఇక మూడవది, ఆట కంపెనీ తన సర్వరులో ఆటగాని ఖాతా పేరిట వ్రాసి ఉంచేది. ఇది ఏ ఫోనుకైనా వస్తుంది, ఖాతా తాళము మన దగ్గర ఉంటేనే.

మన పిల్లవాని ఆట ఒక జీమెయిల్‌తో కట్టి ఉన్నది. అనగా కోట కూలిపోలేదు. ఎక్కడో భద్రముగా ఉన్నది. తాళమే లేదు. ఆ జీమెయిల్ తండ్రి ఊరిలో ఉన్నప్పుడు చేసుకొన్నది. ఫోను ఎప్పుడూ తెరిచే ఉండేది గనుక పాస్‌వర్డుతో పని పడలేదు, ఎవరికీ జ్ఞాపకము లేదు. పేరు పెట్టమంటే పిల్లవాడు ఒక సినిమా హీరో పేరు పెట్టాడు. ఇప్పుడు తండ్రి ఆధార్ కార్డు చూపినా అది అతనిదని ఋజువు కాదు. పాస్‌వర్డు మరచినవారికి నంబరు పంపే సిమ్ము ఊరిలో కొన్నది. బెంగుళూరు వచ్చి కొత్త సిమ్ము తీసుకొన్నాక దానికి రీచార్జి చేయలేదు.

అలా రద్దయిన నంబరును కనీసము 90 రోజులు ఆపి, తరువాత మరొకరికి ఇవ్వటము మన దేశములో ఉన్న పద్ధతి. దీనిమీద వచ్చిన వ్యాజ్యమును 2023 నవంబరులో ముగిస్తూ సుప్రీంకోర్టు, పాత నంబరుతో ఉన్న వాట్సాప్ ఖాతాను, సమాచారమును తొలగించుకొని తన గోప్యతను కాపాడుకోవలసినది వాడుకదారుడే అన్నది. ఊళ్ళు మారేవారిని ఈ మాట అందరికంటె ఎక్కువగా తాకుతుంది. సిమ్ము మార్చేది వారే గదా!

తండ్రి ఆ పాత నంబరుకు ఫోను చేశాడు. ఎవరో తెలుగువాడే పలికాడు. "అన్నా, నీకు ఇప్పుడొక ఓటీపీ వస్తుంది, కాస్త చదివి చెప్పు, మా పిల్లోడి ఆట" అని తండ్రి అడిగాడు. అవతలివాడు, "ఏమనుకోవద్దన్నా, ఓటీపీ ఎవరికీ చెప్పొద్దని బ్యాంకువాళ్ళు రోజూ మెసేజీలు పంపుతుంటే నేనెట్లా చెప్పేది?" అని పెట్టేశాడు. మేము పక్కనే ఉన్నాము. అడిగినవాడు నిజాయితీపరుడే. ఇవ్వనివాడు చేసినదీ సరియే. మోసగాడు కూడా సరిగ్గా ఇవే మాటలతో అడుగుతాడు. వినేవానికి భేదము ఎలా తెలియాలి? మంచివారిద్దరు సరిగ్గానే నడుచుకొన్నా ఒక పిల్లవాని నష్టము తీరలేదు. మళ్ళీ ఫోను చేయవద్దని మేమే చెప్పాము.

తరువాత, పిల్లవాని బాధ చూడలేక తండ్రి ఇంకొక దారి వెదికాడు. పనిలో ఒక కుర్రవాడు అదే ఆటలో ఇంకా పై మెట్టులో ఉన్న తన ఖాతాను పదిహేను వందలకు ఇస్తానన్నాడట. పదిహేను వందలంటే ఆ ఇంట్లో తేలిక కాదు. అయినా తండ్రి ఒప్పుకొన్నాడు. పిల్లవాడు వద్దన్నాడు. "అది వాడు కట్టిన కోట నాన్నా. నాది కాదు" అన్నాడు.

పాఠకులారా, మా ప్రశ్నకు సగము జవాబు ఈ మాటలోనే దొరికింది. పోయినది కేవలము మెట్టే అయితే దానికంటె పెద్ద మెట్టు చేతికి వచ్చినప్పుడు నష్టము తీరిపోవాలి. తీరలేదు. పోయినది రెండేండ్ల రాత్రులలో ఆ పిల్లవాడు పెట్టిన ఓపిక, ఆలోచన. అవి తనవే అని చెప్పే సాక్ష్యము. ఒకని కాలముతో కట్టినది బరువు తూగకపోయినా వానిదే. అందుకే ఇతరుల ఖాతాలు కొనటము, అమ్మటము తగదని మేము అంటాము. చాలా కంపెనీల నిబంధనలూ దీనిని ఒప్పవు. అయితే అవే నిబంధనలు, ఆటలో సంపాదించినది ఆటగాని సొత్తు కాదు, వాడుకోవడానికి ఇచ్చిన అనుమతి మాత్రమే అని కూడా చెబుతాయి. చట్టము మాట అది. పిల్లవాని మనస్సు మాట వేరు.

దేశమంతటా ఒకసారి ఈ ప్రశ్న లేచినది. 2020 సెప్టెంబరు 2న భారత ప్రభుత్వము 118 యాప్‌లను నిషేధించింది. అందులో పబ్‌జీ మొబైల్ ఒకటి. అక్టోబరు 30తో ఇక్కడి ఆటగాండ్లకు అది పూర్తిగా నిలిచిపోయింది. మరుసటి ఏడు జూలై 2న దక్షిణ కొరియాకు చెందిన క్రాఫ్టన్ కంపెనీ బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా అనే పేరుతో కొత్త ఆటను విడుదల చేసి, పాత ఆటలోని సంపాదనను సమ్మతి తెలిపి కొంతకాలములోగా తెచ్చుకొనే వీలు కల్పించింది. సోషల్ మీడియా ఖాతాతో కట్టుకొన్నవారు అలా తెచ్చుకొన్నారు. ఆ ఆట కూడా 2022 జూలైలో యాప్ దుకాణములనుండి తొలగి, 2023 మేలో తిరిగి వచ్చింది. ఆటల మంచి చెడ్డలు ఇక్కడ మా విషయము కాదు. ఆట పేరు మారినా, ఆటగాడు చేరిన మెట్టును గౌరవించి అక్కడినుండి ఆడనివ్వటము న్యాయమని వ్యాపారస్థులకు కూడా తోచింది. వారికి లాభము ఉన్నది నిజమే. అయినా ఆ పని సరియైనదే.

మిగిలిన సగము జవాబు మా స్వంత జీవితములో ఉన్నది. చెప్పటానికి సిగ్గుగానే ఉన్నది.

మేము ఒక పల్లె బడిలో పనిచేస్తున్న రోజులు. 1990వ దశకము. బెంగుళూరులో మట్టిపనికి వెళ్ళి తిరిగి వచ్చిన ఒక కుటుంబము తమ కుమారుని తెచ్చి బడిలో చేర్చుకోమన్నారు. అక్కడ నాలుగవ తరగతి చదివాడన్నారు. టి.సి. లేదు. టి.సి. లేనిదే నాలుగులో ఎలా కూర్చోబెడతామని మేము వాణ్ణి రెండవ తరగతిలో కూర్చోబెట్టాము. నాలుగవ తరగతి భాగహారము పలకమీద చేసి చూపించాడు. "ముందు కాగితము తే, తరువాత చూద్దాము" అన్నాము. తనకంటె చిన్నపిల్లల మధ్య మూడు వారములు కూర్చున్నాడు. నాల్గవ వారము గొర్రెల వెంట పోయాడు. మళ్ళీ బడికి రాలేదు. తప్పు నిబంధనది అని అప్పుడు అనుకొన్నాము. పలక మా కళ్ళముందే ఉన్నది గనుక తప్పు మాదే.

2010 ఏప్రిల్ 1నుండి అమలులోనికి వచ్చిన విద్యాహక్కు చట్టము, టి.సి. ఆలస్యమైనదని చేర్చుకోవడము ఆపకూడదనీ, పిల్లవాణ్ణి వయస్సుకు తగిన తరగతిలో చేర్చాలనీ చెబుతుంది. ఆ చట్టము చదివిన రోజున ఆ పలకే మాకు జ్ఞాపకము వచ్చింది. ఇప్పుడు మా యింటి వసారాలో తల దించుకొని కూర్చున్న ఈ పిల్లవాణ్ణి చూచినప్పుడు కూడా అదే. వీనికి చేతిలో విద్య ఉన్నది, కాగితము లేదు. వానికీ అంతే. మన సంఘములలో ఊరు మారే సభ్యునికి బదిలీ లేఖ ఇస్తాము. అది లేదని ఎవరినీ కొత్తవానిగా ఎంచము గదా!

ఆటనూ చదువునూ ఒకే త్రాసులో వేస్తున్నామని అనుకోవద్దు. రెండూ సమానము కావు. ఆట పోతే బ్రతుకు పోదు. ఆ గొర్రెల వెంట పోయినవాని బ్రతుకు మారిపోయింది. అయితే "నీవు చేసినది లెక్కలోనికి రాదు, మొదటినుండి మొదలుపెట్టు" అనే మాట రెండు చోట్లా ఒక్కటే. ఊరు విడిచి వచ్చినవారు ఆ మాటను అద్దె ఇంట్లో, రేషను దుకాణములో, పనిలో ఎన్నిసార్లో వింటారు. అదే మాటను ఇంట్లో పెద్దలు కూడా అంటే పిల్లవాడు ఎవరితో చెప్పుకోవాలి?

పిల్లవాని పాత కోట తిరిగి రాలేదు. తండ్రి తన స్వంత పేరుతో, ఇప్పటి నంబరుతో కొత్త ఖాతా చేసుకొన్నాడు. పాస్‌వర్డును ఒక నోటుపుస్తకములో వ్రాసి బియ్యపు డబ్బా వెనుక పెట్టుకొన్నారు. పిల్లవాడు ఆట మళ్ళీ మొదలుపెట్టాడు. మొదటి మెట్లు ఇదివరకటికంటె చాలా త్వరగా ఎక్కుతున్నాడు. నేర్చినది చేతిలోనే ఉన్నది గదా. "పాతదానంత బాగుందా?" అని అడిగాము. "లేదు మాస్టారూ. కానీ ఇది నాదే" అన్నాడు.

కుటుంబములకు మా మనవి ఇది. ఫోను మార్చకముందే పిల్లల ఆట ఏ ఖాతాతో కట్టి ఉన్నదో కూర్చొని చూడండి. ఆటగాని గుర్తు సంఖ్యను కాగితముమీద వ్రాసుకోండి. కంపెనీకి మొర పెట్టుకోవలసి వస్తే మొదట అడిగేది అదే. కొత్త ఫోనులో ఆట తెరుచుకొన్న తరువాతనే పాతది ఇవ్వండి. సిమ్ము మార్చిన రోజుననే ఖాతాలలో నంబరు మార్చండి. నిజమైన పేరు పెట్టుకోండి. ఎవరు ఎంత జాలిగా అడిగినా ఓటీపీ చెప్పవద్దు, మీరూ ఎవరినీ అడగవద్దు.

ఇక పిల్లవాడు ఏదో పోయినదని ఏడ్చినప్పుడు, అది ఎంత చిన్నదో మొదట చెప్పకండి. దానిని ఎన్నాళ్ళు కట్టాడో అడగండి. మేము అడగవలసినది అదే. నాడు పలక పట్టుకొని నిలబడినవానిని మేము అడగలేదు. పాఠకులలో ఎవరైనా అటువంటి పిల్లవాని ఎదుట ఈనాడు కూర్చొని ఉంటే, మీరైనా అడుగుతారని ఆశిస్తున్నాము.