తుది తీర్పుకు లోబడిన పట్టా

కోర్టు తీర్పుతో మనకు దక్కిన స్థలం అల్లాహ్ దృష్టిలో కూడా మనదేనా?

ఆంధ్రప్రదేశ్‌లో 2020 డిసెంబరు 25న పేదలకు ఇళ్ల పట్టాల పంపిణీ మొదలైంది. పల్లెల్లో సెంటున్నర, పట్టణాల్లో సెంటు. పట్టా ఇంటి మహిళ పేరిట. వివాదాలూ కోర్టులకెక్కాయి. అమరావతి స్థలాల కేసులో 2023 మే నెలలో సుప్రీంకోర్టు పంపిణీకి అనుమతిస్తూనే, ఆ పట్టాలు తుది తీర్పుకు లోబడి ఉంటాయని షరతు పెట్టింది. ఆగస్టు 3న హైకోర్టు అక్కడ ఇళ్ల నిర్మాణంపై స్టే ఇచ్చింది. పట్టా చేతికొచ్చినా వ్యవహారం తేలలేదన్నమాట.

మన గుండుగొలను వంటి ఊళ్లో ఇలా జరిగిందనుకుందాం. ఒక కుటుంబానికి ఏలూరులో సొంత ఇల్లుంది. ఆ సంగతి దాచి ఇక్కడ స్థలానికి అర్జీ పెట్టింది. అద్దె గదిలో బతికే ఒక వితంతువు కూడా అర్జీ పెట్టింది. ఆమె దగ్గర కాగితాలు సరిగా లేవు. వివాదం కోర్టుకెళ్లింది. వీరి వకీలు గట్టివాడు, గెలిచారు. జడ్జిగారి తప్పేమీ లేదు. తన ముందున్న కాగితాలను బట్టే ఆయన తీర్పు చెప్పారు.

సరిగ్గా ఈ విషయాన్నే మహాప్రవక్త (స) బోధించారు. హజ్రత్ ఉమ్మె సలమా (ర.అన్హా) ఉల్లేఖించిన హదీసు బుఖారీ, ముస్లిం గ్రంథాల్లో ఉంది. వాదులాడేవారిలో ఒకరికి మాటనేర్పు ఎక్కువ ఉండవచ్చుననీ, తాను విన్నదాన్ని బట్టే తీర్పు చెబుతాననీ, అలా సోదరుని హక్కు తనకు దక్కితే దాన్ని నిప్పుముక్కగా భావించి వదిలేయాలనీ ఆయన హెచ్చరించారు. దైవప్రవక్త (స) తీర్పే హరామ్‌ను హలాల్ చేయనప్పుడు, మన కోర్టు తీర్పు ఎలా చేస్తుంది? ఇతరుల సొమ్ము కాజేయడానికి అధికారులను ఆశ్రయించవద్దని అల్ బఖరా సూరా 188వ ఆయత్ కూడా వారిస్తోంది.

“అది సర్కారు స్థలం, ఎవరి సొత్తూ కాదు కదా!” అని కొందరంటారు. కాని స్థలాలు లెక్కకు ఉన్నవే. అనర్హుడు ఒకటి తీసుకుంటే అర్హుడికి ఒకటి తగ్గుతుంది. నిజమైన హక్కు కోసం కోర్టుకెళ్లడం తప్పు కాదు. నిజం దాచి గెలవడమే తప్పు.

అబూదావూద్‌లోని ఉల్లేఖనం ప్రకారం, సాక్ష్యాలు లేని పాత వారసత్వపు ఆస్తి కోసం ఇద్దరు తగాదాపడి ప్రవక్త (స) వద్దకొచ్చారు. ఆ హెచ్చరిక వినగానే ఇద్దరూ ఏడ్చి, తమ వాటాను ఎదుటివారికి వదులుకోబోయారు. ఆస్తిని న్యాయంగా పంచుకుని, చీటీ వేసుకుని, ఒకరినొకరు క్షమించుకొమ్మని ఆయన చెప్పారు.

మనకు అర్హత లేదని మన మనసుకు తెలిస్తే, గెలిచిన స్థలాన్నయినా తహసీల్దారు కార్యాలయంలో తిరిగి అప్పగించడమే విశ్వాసి లక్షణం. ప్రతి పట్టా తుది తీర్పుకు లోబడే ఉంటుంది. ఆ తీర్పు ప్రళయదినాన వెలువడుతుంది. అక్కడ వకీలు ఉండడు, అప్పీలు ఉండదు.

అల్లాహ్ మనల్ని హలాల్ గూటిలోనే నివసింపజేయుగాక! ఆమీన్.