గెలిచిన ఊరి బాకీ



గురజాల ప్రభుత్వ హైస్కూలు ఆటల చరిత్ర రాయడానికి నువ్వు పూనుకోవడం మంచి పని. కానీ నువ్వు గీసుకున్న పట్టికలో మూడు గడులే కనిపిస్తున్నాయి: సంవత్సరం, ఆట, కప్పు. కప్పు రాని ఏడు ఏమీ జరగనట్టే ఖాళీగా వదిలేశావు. ఇంకే ఊరి కుర్రాడైనా ఇలా లెక్క వేస్తే ఊరుకునేవాణ్ణేమో. గురజాల వాడివి, నువ్వు వేయకూడదు. ఎందుకంటే ఈ ఊరు ఒకప్పుడు ఒక పందెం గెలిచింది, గెలిచాక చేయాల్సిన పని చేయలేదు. పల్నాటి కథంతా అక్కడే మొదలైంది.

పల్నాటి వీరగాథను మనం ఓడినవాళ్ల కథగా చెప్పుకోవడానికి అలవాటు పడ్డాం. గురజాలతో కోడిపందెంలో మాచర్ల మంత్రి బ్రహ్మనాయుడి పక్షం ఓడింది, అక్కడి రాజు మలిదేవుడు మాచర్ల వదిలి ఏడేళ్లు వలస పోయాడు. పందెంలో మోసం జరిగిందా, గురజాల పక్షపు నాగమ్మ తంత్రం ఎంత అన్న తగువు కారంపూడిలో ఆ వీరుల తిరునాళ్ల నాడు ఇప్పటికీ వినిపిస్తుంది. దాన్ని పక్కన పెట్టి వరస చూడు. ఓడినవాళ్లు మాట ప్రకారం వెళ్లారు, ఏడేళ్లూ గడిపారు. అలరాజు వాళ్ల రాయబారిగా గురజాల రాజు నలగాముణ్ణి రాజ్యభాగం అడగడానికి వస్తే, భాగం దక్కలేదు, తిరుగుదారిలో విషానికి ప్రాణం పోయింది. 1182 ప్రాంతంలో జరిగిందని చెప్పే కారంపూడి యుద్ధం ఆ తర్వాతి మాట. ఇది చరిత్రా, కథా అని నువ్వు అడగవచ్చు. శ్రీనాథుడు దీన్ని ద్విపదలో రాసేనాటికే రెండు వందల ఏళ్లు దాటాయి, కొంత కథ చేరే ఉంటుంది. అయినా ఒక సీమ తన గురించి తరతరాలుగా ఏం చెప్పుకుంటోందో అదీ సాక్ష్యమే. ఆ సాక్ష్యం ప్రకారం పల్నాడును ముంచింది ఓటమి కాదు. ఓడినవాడికి తిరిగి చోటివ్వని గెలుపు.

ఇప్పుడు మీ బడి గ్రౌండులో రోజూ ఆడే కబడ్డీని చూడు. పాతరోజుల్లో ఈ ఆటకు ఒకటికి మించి పద్ధతులుండేవి. గామినీ అనే పద్ధతిలో ఔటైనవాడు తన జట్టంతా ఔటయ్యేదాకా గీత బయటే కూర్చోవాలి. సంజీవని పద్ధతిలో తోటివాడు ఎదుటి జట్టులో ఒకణ్ణి ఔట్ చేస్తే, బయట ఉన్నవాడు లేచి లోపలికి వస్తాడు. ఈనాడు బడి పోటీల నుంచి, 1990లో బీజింగ్‌తో కబడ్డీ చేరిన ఆసియా క్రీడల దాకా నిలిచింది సంజీవని దారే. లేవడంలోనూ ఒక వరస ఉంది: ముందు ఔటైనవాడు ముందు లేస్తాడు. జట్టులో మొనగాడు ఆఖరున ఔటయ్యాడనుకో, తొలి రెయిడ్‌లోనే దొరికిపోయిన బక్కపిల్లాడు లేచాకే అతని వంతు. నలగాముడు గామినీ ఆడాడు. మీ డ్రిల్లు మాస్టారు సున్నపు గీతలు గీసి మీకు నేర్పుతున్నది రెండోది. నీతి పాఠంలో చదివితే మరుసటి రోజుకు మరిచిపోయే విషయాన్ని ఈ ఆట ఏడుగురి ఒంటికి పట్టిస్తుంది.

కప్పులు లేకపోతే ఆ బడిని ఎవరు లెక్క చేస్తారంటావు. కబడ్డీ జట్టుకు ఎంపికయ్యేది పన్నెండు మంది, బరిలో దిగేది ఏడుగురు. మండలం నుంచి జిల్లాకు, అక్కడి నుంచి రాష్ట్రానికి పోయేకొద్దీ రాలిపోయేవాళ్లే ఎక్కువ. వందల మంది పిల్లలున్న బడికి ఆ పన్నెండు పేర్లే చరిత్రయితే, మిగతావాళ్లంతా ప్రేక్షకులన్నమాట. ప్రైవేటు బడి తనకు కావలసిన పిల్లల్ని ఏరుకోగలదు. సర్కారు బడికి ఆ వెసులుబాటు లేదు, ఉండకూడదు కూడా. 1959 నవంబర్ 1న పంచాయతీరాజ్ వచ్చి, పాత జిల్లా బోర్డుల హైస్కూళ్లు జిల్లా పరిషత్తుల చేతికి వచ్చిన నాటి నుంచీ జడ్పీ హైస్కూలంటే గుమ్మంలోకి వచ్చిన ప్రతి బిడ్డదీ. 2009 విద్యాహక్కు చట్టం బడికి ఆటస్థలం ఉండాలన్నప్పుడు జట్టులో ఉన్నవాళ్లకనే షరతు పెట్టలేదు. బ్రహ్మనాయుడి చాపకూడు ఇక్కడే గుర్తుకు రావాలి. ఒకే చాప మీద అన్ని కులాల వాళ్లూ కలిసి తిన్న ఆ పంక్తికి ఈ రోజుల్లో దగ్గరి పోలిక ఏదంటే సర్కారు బడి ఆటల పీరియడే అంటాను.

పైగా అందరినీ ఆడనిస్తే పతకాలు రావన్న మాటకు ఆధారం లేదు. వరంగల్ జిల్లా కల్లెడ అమ్మాయి జివాంజి దీప్తిని చూడు. మేధోపరమైన వైకల్యం ఉందని ఊళ్లో గేలి చేశారు. అంటే లోకం లెక్కలో చిన్నప్పుడే ఔట్. బడి పరుగులో ఆమె కాళ్ల సత్తాను కనిపెట్టింది ఒక వ్యాయామ ఉపాధ్యాయుడి కన్ను. 2024లో కోబెలో జరిగిన ప్రపంచ పారా అథ్లెటిక్స్ పోటీల్లో 400 మీటర్ల టీ20 విభాగం పరుగును 55.07 సెకన్లలో ముగించి ప్రపంచ రికార్డు నెలకొల్పింది, అదే ఏడు పారిస్ పారాలింపిక్స్‌లో కాంస్యం తెచ్చింది. ముందే ఏరి పక్కన పెట్టే బడి అయితే ఆ కాళ్లు ఎవరికి కనపడేవి?

పదో తరగతిలో గ్రౌండుకు పోతే మార్కులు పోతాయని మీ ఇంట్లో అంటారు. ఆ భయం ఊరికే పుట్టలేదు. పాలిటెక్నిక్ సీటైనా, ట్రిపుల్ ఐటీ సీటైనా కూలికి పోయే ఇంటికి అది బతుకుదారి, దాన్ని తేలిక చేయను. కానీ రోజుకు ఒక పీరియడ్ తీసేసి స్టడీ అవర్ పెట్టినంత మాత్రాన ఆ గంటంతా చదువు సాగుతుందా? పుస్తకం ముందు కునికే పిల్లల్ని చూసే పంతుళ్లనే అడుగు. ఆడపిల్లల విషయంలో ఈ వంక మరీ తేలిగ్గా దొరుకుతుంది, తొమ్మిదో తరగతికే గ్రౌండు మాన్పిస్తారు. నీ చరిత్రలో ఆ సంగతి రాయకపోతే అది సగం చరిత్రే. ఇంకొకరు ఆటలే కొట్లాటలు పెంచుతాయంటారు, పల్నాడు గురించి చెడ్డగా చెప్పడానికి ఇష్టపడేవాళ్లు మరీనూ. ఆట వేరు, కోడిపందెం వేరు. కోడిపందెంలో కోడికి రిఫరీ విజిల్ వినపడదు, పందెం కాసినవాడు బరిలో దిగడు. తన ఒంటికి దెబ్బ తగలనివాడి పౌరుషానికి హద్దుండదు. తానే దిగి, తానే పట్టుబడి, తానే గీత దాటి బయట కూర్చున్నవాడికి ఎదుటివాడి పరిస్థితి తెలుస్తుంది. తెలిసినా కొట్టుకునేవాళ్లు ఉంటారు, ఆట మందు కాదు. అలవాటు చేయగలదు, అంతే.

కనుక పట్టికలో మరికొన్ని గడులు గీయి. ఆ ఏడు బడిలో ఎంతమంది పిల్లలు, ఆడింది ఎందరు, ఆడపిల్లలెందరు, వ్యాయామ ఉపాధ్యాయుడి పోస్టు భర్తీ అయి ఉందా ఖాళీనా, గ్రౌండు ఎంత మిగిలింది. కప్పు గడి చివర పెట్టు. ఈ కార్తీకంలో కారంపూడి తిరునాళ్లకు వెళ్తే కోడిపోరు నాటి సందడి చూసి వచ్చేయకు. రాయబారం నాడే చేరుకో, అలరాజు ఏం అడగడానికి వచ్చాడో గురజాల వాడిగా నిలబడి విను.