నీళ్ల బాయి, బొగ్గు బాయి

తెలంగాణ పల్లెల్లో బాయి అంటే బావి. బొగ్గు పట్టణమైన గోదావరిఖనిలో బాయి అంటే బొగ్గుగని. "బాయికి పోయిండు" అంటే పల్లెలో నీళ్లకో పొలానికో వెళ్లినట్టు, గని కాలనీలో షిఫ్టుకు దిగినట్టు. భూమిని లోతుగా తవ్విందేదైనా జనానికి బాయే గనుక రెండింటికీ ఒకే మాట నిలిచింది. సమాజం ఎవరిని కలుపుకుంటుంది, ఎవరిని వెలివేస్తుంది అనే ప్రశ్నను ఈ ప్రాంతంలో అడగాలంటే ఈ మాట దగ్గరే మొదలుపెట్టాలి. నీళ్ల బాయి తరతరాలుగా వెలికి గుర్తు. బొగ్గు బాయి లోపల ఆ వెలి సాగలేదు.

వెలి అంటే బయట. వెలివాడ ఊరికి బయట ఉండేది, అక్కడివారు ఊరి బావి గిలక ముట్టకూడదు. కులవ్యవస్థ తన సిద్ధాంతాన్ని గ్రంథాల్లో రాసుకుంది, అమలు మాత్రం నీళ్ల దగ్గర చేసింది. మనిషికి ఒక్కపూట కూడా తప్పని అవసరం నీరు. అక్కడ గీత గీస్తే ఆ గీత రోజూ గుర్తుంటుంది. వెలి గురించి ఆలోచించిన మతాలు బావి దగ్గరికి వచ్చి ఆగడానికి కారణం ఇదే. బౌద్ధుల శార్దూలకర్ణావదానంలో దప్పికగొన్న ఆనందుడు మాతంగ కన్యను నీళ్లడుగుతాడు. తనది ఫలానా కులమని ఆమె వెనకాడితే, తాను అడిగింది కులాన్ని కాదు, నీటిని అంటాడు. యోహాను సువార్త నాలుగో అధ్యాయంలో యేసు బావి దగ్గర సమరయ స్త్రీని నీళ్లడుగుతాడు. యూదుడు తనను అడగడమేమిటని ఆమె ఆశ్చర్యపోతుంది.

ఈ రెండు కథలూ గొప్పవే. రెండింటిలోనూ ఒక పోలిక ఉంది: అడిగేది పై స్థానంలో ఉన్నవాడు, గీత దాటేదీ అతనే. అతను దాటకపోతే ఆ స్త్రీ ఉన్నచోటే ఉండిపోతుంది. 1927 మార్చి 20న మహాడ్‌లో చవదార్ చెరువు నీటిని అంబేడ్కర్, ఆయన వెంట వేలమంది తాగినప్పుడు కథ మారింది. అక్కడ ఎవరూ ఎవరినీ పిలవలేదు. వెలిలో ఉన్నవారే నడిచివెళ్లి తాగారు. దయతో లోపలికి రానివ్వడం ఒకటి, హక్కుతో లోపలికి రావడం మరొకటి. బొగ్గు బాయిలో ఈ రెంటికీ చెందని మూడో తీరు కనిపిస్తుంది. గోదావరిఖని అనుభవానికి తాత్వికంగా విలువ ఉన్నది అందువల్లనే.

ఈ గనులను నడిపే సింగరేణి చరిత్రను పొట్టిగా చెప్పుకోవచ్చు. 1871లో భూగర్భ శాస్త్రవేత్త విలియం కింగ్ ఇల్లందు దగ్గర బొగ్గును గుర్తించాడు. 1889లో అక్కడ తవ్వకం మొదలైంది. 1920 డిసెంబరు 23న సింగరేణి కాలరీస్ కంపెనీ ఏర్పడింది. తర్వాత నిజాం ప్రభుత్వం చేతికి వచ్చింది, ఇప్పుడు రాష్ట్రానికి 51, కేంద్రానికి 49 శాతం వాటా ఉంది. రామగుండం వైపు గనులు తెరుచుకున్నది 1960 దశకంలో. గోదావరి ఒడ్డున జనగామ అనే పల్లె పరిసరాల్లో పెరిగిన గనుల పట్టణం కాబట్టి గోదావరిఖని అయింది. కరీంనగర్, వరంగల్, ఖమ్మం పల్లెల నుంచి, అంతకుముందే గనులున్న కొత్తగూడెం, బెల్లంపల్లి నుంచి, ఉత్తరాది రాష్ట్రాల నుంచి మనుషులు వచ్చారు. వెలివాడ నుంచి వచ్చినవాడు, ఊరి నడిబొడ్డు నుంచి వచ్చినవాడు ఒకే మస్టరులో హాజరు వేయించుకున్నారు, ఒకే ఇంక్లైన్ (గనిలోకి దిగే వాలుదారి) దిగారు.

లోపల జరిగింది చిన్న సంగతి కాదు. క్యాప్ ల్యాంప్ వెలుగు పడినంత మేరే ప్రపంచం. బొగ్గు పొడి అందరి ముఖాలనూ ఒకే రంగు చేస్తుంది. కప్పు నుంచి చిటపట వినిపిస్తే పక్కవాడు కేక వేయాలి. ఆ కేక వేసినవాడి కులమేదో విన్నవాడికి పట్టదు. నిండిన టబ్బును ఇద్దరు కలిసి తోయాలి. ఎదుటివాడి ఒంటిని ముట్టకుండా గనిలో ఒక్క షిఫ్టు కూడా గడవదు. అంటరానితనం అనే మాట అక్షరాలా నిలవలేని చోటు అది.

అద్వైతానికి ఇక్కడ ఒక ఎదురు ప్రశ్న ఉంది. మనీషాపంచకం కథ తెలుగువారికి తెలిసిందే. కాశీలో దారికి అడ్డుగా వచ్చిన చండాలుణ్ణి తప్పుకొమ్మని శంకరులు అంటే, తప్పుకోవలసింది శరీరమా, ఆత్మా అని అతను అడుగుతాడు. శంకరులు తలవంచి, జ్ఞానం ఉన్నవాడు ఏ కులంవాడైనా గురువే అని ఒప్పుకుంటారు. ఆ ఒప్పుకోలు పారమార్థిక స్థాయిలో ఆగింది. వ్యావహారిక స్థాయిలో, అంటే బావి దగ్గర, పెళ్లి దగ్గర, గుడి వాకిట్లో, భేదం అలాగే నడిచింది. బొగ్గు బాయిలో ఈ వరుస తలకిందులైంది. వ్యవహారంలో అభేదం వచ్చింది, దాన్ని నిలబెట్టే సిద్ధాంతం మాత్రం ఎవరి నోటా రాలేదు. అందరిదీ ఒకే ఆత్మ అని చెప్పి అక్కడ ఎవరినీ కలపలేదు. అందరి మీదా ఒకే కప్పు ఉంది కాబట్టి కలిశారు.

భయం వల్ల వచ్చిన సమానత్వం సమానత్వమేనా అన్న ఆక్షేపణ సబబైనదే. వరదలో పామూ మనిషీ ఒకే చెట్టెక్కితే దాన్ని స్నేహమనలేం. అయినా ఈ ఆక్షేపణకు గని చరిత్రే కొంత జవాబు చెబుతుంది. 1906 మార్చి 10న ఫ్రాన్స్‌లోని కూరియేర్ గనుల్లో పేలుడు జరిగి 1,099 మంది చనిపోయారు. ఫ్రాన్స్, జర్మనీల మధ్య వైరం ముదిరిన రోజులవి. అప్పుడు జర్మనీలోని వెస్ట్‌ఫాలియా నుంచి గని కార్మికులు రక్షణ పరికరాలతో సరిహద్దు దాటి వచ్చి ఆ గనిలోకి దిగారు. ఆ ప్రమాదం వాళ్లది కాదు, ఆ కప్పు వాళ్ల నెత్తిమీద లేదు, అయినా వచ్చారు. భయం నేర్పిన పాఠం భయం లేని చోట కూడా పనిచేసిందంటే అది అలవాటు దాటి ధర్మం అయినట్టే.

గోదావరిఖనికి ఈ పాఠం ఎంత ఖరీదుకు వచ్చిందో 2003 చెబుతుంది. ఆ ఏడాది జూన్ 16న జీడీకే (గోదావరిఖని) 7 ఎల్ఈపీ గనిలోకి నీరు విరుచుకుపడి 17 మంది చనిపోయారు. అక్టోబరులో జీడీకే 8ఏ గనిలో కప్పు కూలి 10 మంది పోయారు. బొగ్గు బాయిని నీళ్ల బాయి చేసిన ఆ జూన్ ఈ పట్టణపు జ్ఞాపకం నుంచి విడదీయరానిది.

భాష దగ్గర కలయిక ఇంకో తీరుగా జరిగింది. నిజాం రాజ్యంలో పాలనా భాష ఉర్దూ, గని యంత్రాల భాష ఇంగ్లిష్, దిగేవాడి భాష తెలుగు. మూడూ కలిసి బాయి భాష పుట్టింది. బొగ్గు నింపేవాడి పనిముట్లను కార్మికులు తట్టా చెమ్మస్ అన్నారు. తట్ట తెలుగుది, చెమ్మస్‌లో ఉర్దూ చమ్మచ్ వినిపిస్తుంది. మజ్దూర్, సర్దార్, నాగా, చుట్టీ ఒకవైపు నుంచి, ట్రామర్, టబ్బు, ఓవర్‌మన్ మరోవైపు నుంచి వచ్చాయి. చదువురాని మనిషి మూడు భాషల్లో పని నడిపాడు. రెండు భాషల దేశం అని చట్టసభల్లో మాట్లాడుకునేటప్పుడు ఈ మనిషి గుర్తుకు రాడు. రాజ్యాంగం 343వ అధికరణం హిందీని కేంద్ర అధికార భాష చేసింది, 1963 చట్టం ఇంగ్లిష్‌ను కొనసాగించింది. తెలంగాణ 2017లో ఉర్దూను రాష్ట్రమంతటా రెండో అధికార భాషగా గుర్తించింది. ఇవన్నీ కాగితం మీది భాషల సంగతి. వాటిలో బాయి భాషకు చోటు లేదు.

అయితే ఒక చట్టం ఈ విషయంలో తెలివిగా ఆలోచించింది. 1952 గనుల చట్టం 62వ సెక్షన్ ప్రకారం, చట్టం, నిబంధనల సారాంశాన్ని ప్రతి గని దగ్గరా ఇంగ్లిష్‌తోపాటు నిర్దేశించిన ఇతర భాషల్లోనూ అతికించాల్సి ఉండేది. ప్రాణం పోయే చోట హెచ్చరిక అర్థమయ్యే భాషలో ఉండాలన్న సూత్రం అందులో ఉంది. ఆ సూత్రం కోర్టుకు, ఆసుపత్రికి, బ్యాంకుకు ఎందుకు వర్తించకూడదు అన్న ప్రశ్న అక్కడే తలెత్తుతుంది.

ఒకే భాషలో కూడా వెలి ఉంటుంది. తెలంగాణ యాస పుస్తకాల్లో తప్పుగా, సినిమాల్లో నవ్వులాటగా మిగిలిన దశాబ్దాలు ఈ ప్రాంతం మరిచిపోలేదు. ప్రత్యేక రాష్ట్రం కోసం జరిగిన 2011 సకల జనుల సమ్మెలో సింగరేణి కార్మికులు బొగ్గు ఆపినప్పుడు ఉద్యోగాలు, నీళ్లు ఎంత కారణమో, నోటి మాటకు దక్కని గౌరవమూ అంతే కారణం.

ఇక దేవతల దగ్గరికి వస్తే చిత్రం మరింత చిక్కనవుతుంది. మేడారం దాకా వెళ్లలేని కార్మిక కుటుంబాల కోసం గోదావరి ఒడ్డున గోలివాడ దగ్గర, గోదావరిఖని దగ్గర సమ్మక్క సారలమ్మ గద్దెలు వెలిశాయి. మాఘమాసంలో రెండేళ్లకోసారి జాతర. సమ్మక్కకు విగ్రహం లేదు. మేడారంలో పూజారులు కోయవారు. ఏ కులంవాడైనా ఎత్తు బెల్లం తెచ్చి బంగారమని మొక్కుతాడు. గుడి వాకిలి దగ్గర మనుషుల్ని ఆపిన దేశంలో, ఆదివాసీ చేతి నుంచి అందరూ ప్రసాదం తీసుకునే జాతర ఇది. పీర్ల పండుగకు పీర్లను ఎత్తుకునే హిందువులు తెలంగాణ పల్లెల్లో ఎందరో ఉన్నారు. ఇల్లందు పక్కనే ఉన్న డోర్నకల్ కేంద్రంగా, 1912లో తొలి భారతీయ ఆంగ్లికన్ బిషప్ అయిన వి.ఎస్. అజరయ్య దళిత పల్లెల్లో సంఘాలు కట్టాడు. వెలివాడ వాళ్లకు తమదైన బల్ల, తమదైన రొట్టె దొరికాయి.

కోయవారి దేవతను అందరూ ఇంటికి తెచ్చుకున్నారు. కోయ భాషకు మాత్రం బడిలో తగిన చోటు దొరకలేదు. రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూల్‌లో 22 భాషలున్నాయి. గోండి, కోయ వాటిలో లేవు. 2011 జనగణనలో గోండి తమ భాషగా చెప్పినవారు 29 లక్షల పైచిలుకు. 1943లో మానవశాస్త్రవేత్త హైమెండార్ఫ్ ఆదిలాబాద్ ప్రాంతంలోని మార్లవాయిలో గోండి వాచకాలతో బడులు, ఉపాధ్యాయ శిక్షణ మొదలుపెట్టాడు. ఆ దారి ముందుకు సాగలేదు. ఒక జాతి దేవతను కలుపుకొని ఆ జాతి నోటిని బయట ఉంచడం భక్తికి తగిన పని కాదు.

బాయి పైకి వచ్చాక ఏమైందన్నది మిగిలిన ప్రశ్న. కంపెనీ క్వార్టర్లు కులం చూడలేదు. ఊళ్లో బావి వేరు వేరు, కాలనీలో నల్లా అందరిదీ. ఇది నిజమైన మార్పు, దీన్ని తక్కువ చేయరాదు. కానీ క్వార్టర్లు గ్రేడును చూశాయి. టైపును బట్టి గదులు, హోదాను బట్టి వీధి, దొరల బంగళాలు వేరుగా. వెలి పోలేదు, దాని కొలబద్ద మారింది.

ఆడవాళ్ల విషయంలో గీత చట్టమే గీసింది. ఇక్కడ అంబేడ్కర్ మళ్లీ కనిపిస్తాడు. వైస్రాయి కౌన్సిల్‌లో కార్మిక సభ్యుడిగా 1943 డిసెంబరులో ఆయన ధన్‌బాద్ గనులకు వెళ్లి లోపలికి దిగి చూశాడు. యుద్ధకాలపు బొగ్గు కరువుతో, స్త్రీలు భూగర్భంలో పనిచేయరాదన్న నిషేధాన్ని ఆ ఏడాదే ప్రభుత్వం ఎత్తేసింది. 1946లో నిషేధం మళ్లీ వచ్చింది. 1952 చట్టం 46వ సెక్షన్ దాన్ని స్థిరం చేసింది. 2019లో కేంద్రం సాంకేతిక, పర్యవేక్షక, నిర్వహణ పనులకు షరతులతో సడలించింది. అవసరమైనప్పుడు దింపి, తీరాక రక్షణ పేరుతో పైకి పంపిన ఈ వరుసలో ఆ స్త్రీల మాట అడిగినవారు లేరు. రక్షణ మంచిదే. రక్షించబడేవారిని అడగకుండా ఇచ్చే రక్షణ వెలికి దగ్గరి చుట్టం.

నేటి గోదావరిఖనిలో అన్నిటికంటే పదునైన గీత పర్మినెంటుకూ కాంట్రాక్టుకూ మధ్య ఉంది. 1990ల ఆరంభంలో సింగరేణిలో లక్షకు పైగా ఉద్యోగులుండేవారు. ఇప్పుడు వారి సంఖ్య దాదాపు 40 వేలు. ఓపెన్‌కాస్టుల్లో బొగ్గు మీది మట్టి (ఓవర్‌బర్డెన్, ఓబీ) తీసే పని కాంట్రాక్టు కంపెనీలది. ఆ డంపర్లు నడిపేవారిలో బీహార్, జార్ఖండ్, ఒడిశా నుంచి వచ్చినవారూ ఉన్నారు. స్థానికులకే ఉద్యోగాలివ్వాలన్న డిమాండ్ ఏళ్లుగా వినిపిస్తోంది. భూమి పోయినవాడి కోపంలో న్యాయముంది. పరాయి రాష్ట్రం నుంచి వచ్చినవాడి ఆకలిలోనూ న్యాయముంది. వీళ్లిద్దరినీ ఎదురెదురుగా నిలబెట్టిన ఏర్పాటును వదిలి ఒకరినొకరు వేలెత్తి చూపుకోవడం, 60 ఏళ్ల కింద ఒకే ఇంక్లైన్ దిగిన తాతలు నేర్చిన దాన్ని పోగొట్టుకోవడమే.

ఓపెన్‌కాస్టులో ఒకే కప్పు లేదు, ఆకాశమే ఉంది. పక్కవాడి కేక మీద ప్రాణం ఆధారపడదు. ఒకే ప్రమాదం కలిపి ఉంచిన కాలం ముగుస్తోంది. ఇకమీద మనుషుల్ని కలిపితే హక్కే కలపాలి. దాని కొలత ప్రమాదంలో పక్కన ఎవరు నిలిచారన్నది కాదు, పంపకం రోజున పక్కన ఎవరు కూర్చున్నారన్నది.

2024 సెప్టెంబరులో రాష్ట్ర ప్రభుత్వం పెట్టుబడులకు పక్కన పెట్టగా మిగిలిన సింగరేణి లాభాల్లో 33 శాతం, అంటే 796 కోట్ల రూపాయలు, కార్మికులకు వాటాగా ప్రకటించింది. పర్మినెంటు కార్మికుడికి సగటున లక్షా 90 వేలు వచ్చాయి. అదే ప్రకటనలో సుమారు 25 వేల మంది కాంట్రాక్టు కార్మికులకు కూడా, కంపెనీ చరిత్రలో మొదటిసారిగా, డబ్బు ఇచ్చారు. ఒక్కొక్కరికి 5,000 రూపాయలు.