బాణామతికి హేతువు

జడ్చర్ల చుట్టుపట్ల పల్లెలలో బాణామతి మాట వచ్చినప్పుడల్లా మన మిత్రులు ఒక్కటే అంటారు: ఇది కార్యకారణ సంబంధాన్నే కాదనే నమ్మకమని. నేనొప్పుకోను. ఉన్నట్టుండి గడ్డివాము అంటుకుంటుంది, పెట్టెలో బట్టలు కాలిపోతాయి, ఆడపిల్ల కుక్కలా మొరుగుతుంది. "హేతువు లేదు" అని ఊరు ఊరుకుంటున్నదా? లేదే! మనకంటె ఎక్కువ ఆత్రంగా వెతుకుతున్నది. కాని "ఎందువల్ల?" అని అడగవలసిన చోట "ఎవరు?" అని అడుగుతున్నది. జవాబు ఏ ఒంటరి వితంతువు గుడిసెకో పోతుంది గాని ఊరి పెద్దల లోగిలికి పోయినట్టు నేను వినలేదు. ఆ తరువాత చెట్టుకు కట్టటం, పళ్లు ఊడబెరకటం.

అయితే "ఎవరు?" అనటమే తప్పా? పక్కనున్న నల్లగొండను చూడండి. మర్రిగూడ ప్రాంతంలో మనుషుల కాళ్లు వంకరపోయింది మంత్రం వల్ల కాదు. గ్రానైటు పొరలనుంచి బావినీటిలోకి దిగిన ఫ్లోరైడు వల్ల. ఈ వ్యాధిని 1937లోనే మద్రాసు ప్రెసిడెన్సీలో వైద్యులు గుర్తించారు. రాతికి దురుద్దేశం లేదు, నిజమే. కాని సంగతి తెలిసిన తరువాత కూడా దశాబ్దాల తరబడి ఆ నీళ్లే తాగనిచ్చినదెవరు? ఈ "ఎవరు?" హేతువు తేలిన తరువాత పుట్టిన ప్రశ్న, దీన్ని అడగటానికి ఏ మంత్రగాడూ అక్కరలేదు.

పొటాషియం పర్మాంగనేటు మీద గ్లిజరిను పోసి, మంట గుట్టు ఊరివారికి విప్పి చూపే కుర్రవాళ్లు మంచి పనే చేస్తున్నారు. మంట ఆరిన తరువాత, ఆ వితంతువు ఊరు విడిచిపోతే ఆమె చెలక ఎవరి చేతికి వస్తుందో కూడా అడగవద్దూ?